పౌడరు కడుక్కొచ్చిన రోజు

మాస్టారు ఇక లేరని పోయిన ఆదివారం కావలి నుంచి ఫోనొచ్చింది. చర్చిలో ప్రార్థన మొదలు కాకముందే వచ్చి, ముందు బెంచీ మీద కూర్చుని అలాగే తల వాల్చేశారట. ఎక్కడికైనా అందరికంటే ముందే చేరే మనిషి. ఈ ప్రయాణానికీ తొందరపడ్డారు. నాకింకా కోపంగానే ఉంది.

నాయుడుపేట కాలేజీలో ఆయన మాకు చరిత్ర చెప్పేవారు. శనివారం మధ్యాహ్నం కిటికీలకు దుప్పట్లు కట్టి డాక్యుమెంటరీలు వేసేవారు. ఒకసారి వేరే దేశపు నల్లజాతి కుర్రవాళ్లు తమ రంగు గురించి, తామెవరన్నదాని గురించి మాట్లాడుకునే సినిమా చూపించారు. మేమంతా "అయ్యో పాపం" అన్నాం.

"వాళ్ల సంగతి సరే. మీ సంగతేంది?" అన్నారు మాస్టారు.

అందరూ పుస్తకాలు సర్దుకోసాగారు. నాకు మాత్రం చెప్పాల్సింది ఉంది. పులికాట్ ఒడ్డున చేపలు పట్టే ఇంటి పిల్లని నేను, నల్లగా ఉంటాను. కాలేజీకి పెద్దవాళ్లెవరొచ్చినా పూలివ్వడానికి తెల్లటి పిల్లల్ని నిలబెట్టి, నన్ను కుర్చీలు సర్దమనేవాళ్లు. ఆ బాధ గొంతులో చేపముల్లులా ఉండిపోయింది. చివరికి ఆయనకొక్కరికే చెప్పాను. "మనమే సినిమా తీద్దాం" అన్నారు.

కెమెరాతో ఆయన మా పాలెం వచ్చిన రోజు, ఫొటో అంటే పౌడరు ఉండాల్సిందేనని అమ్మ నా ముఖం నిండా అద్దింది. నా స్నేహితురాళ్లూ అలాగే వచ్చారు. రంగు గురించి మాట్లాడబోయే వాళ్లం, సున్నం కొట్టిన గోడల్లా వరసగా కూర్చున్నాం! మాస్టారు కాస్త తీసి, మాకే చూపించారు. ముందు నవ్వొచ్చింది, తర్వాత ఏడుపొచ్చింది. కడుక్కొస్తానని లేచాను.

"ఊళ్లో నవ్వతారయ్యా. ఇట్టనే చూపిస్తే ఎట్టా?" అంది అమ్మ.

"నవ్వితే నవ్వనీమ్మా. నవ్వినాక అయినా వింటారు గదా" అని, నా వైపు తిరిగి, "నీ ఇష్టం అమ్మాయ్. తొందరేం లేదు" అన్నారు.

బోరింగు దగ్గర ముఖం కడుక్కున్నాను. అమ్మ కాసేపు నన్నే చూసి, తుడుచుకోమని తన కొంగు అందించింది.

ఆ సినిమా కాలేజీలో వేసినప్పుడు కొందరు నవ్వారు. పూలిచ్చే పిల్లల వరస మారడానికి ఇంకా చాలా కాలం పట్టింది. నేను విసుక్కుంటే, "ఒక్క సినిమాకే లోకం మారిపోతే నాకు పనేముంటుంది?" అనేవారు.

మొన్న ఆయన జ్ఞాపకంగా మా పాలెం బడిలో దాన్ని మళ్లీ వేశాను. అమ్మ కూడా వచ్చింది. మాస్టారు అందులో ఎక్కడా కనిపించరు. నేను ఆగిన చోటల్లా "ఊ... తర్వాత?" అన్న గొంతు వినిపిస్తుంది. నా పాదాల పక్కన ఇసుక మీద, నాకు ఎండ తగలకుండా ఆయన పట్టిన గొడుగు నీడ ఉంటుంది. ఆ నీడ చూశాక నాకు దుఃఖం ఆగలేదు.

సినిమా అయ్యాక నేను బయటికొచ్చేసరికి బోరింగు చప్పుడైంది. తొమ్మిదో తరగతి పిల్ల ఒకతె, గడ్డం నుంచి నీళ్లు కారుతుండగా వచ్చి నా ముందు ఇసుకలో కూర్చుంది.

"అక్కా, నన్ను తీస్తావా?"

వెంట తెచ్చుకున్న కెమెరా ఎత్తాను. ఎండకు ఆ పిల్ల కళ్లు చికిలించింది. వెనక్కి తిరిగి, గొడుగు తెమ్మని అమ్మను కేకేశాను.