వానకొండ మీద రెండు బిందెల నీళ్ళు

మాఘమాసంలో మా చెల్లెలు సుగుణని పురిటికి తీసుకురావడానికి నేనూ మా ఆయనా చిరపుంజి బయల్దేరాం. దానికి ఏడో నెల. మా మరిది అక్కడ సున్నపురాయి తవ్వే కంపెనీలో గుమాస్తా. "ఇక్కడా ఆసుపత్రి ఉంది, పంపను" అని రాశాడు. "అది లేకుండా నువ్వూ గడప తొక్కకు" అంది అమ్మ నాతో.

బెజవాడలో మధ్యాహ్నం హౌరా మెయిలెక్కాం. పులిహోర రెండ్రోజులు నిలిచింది. ఆపైన అటుకులూ అరటిపళ్ళే. హౌరాలో ఒకసారి, బొంగైగావ్‌లో చిన్నపట్టాల బండికి ఇంకోసారి మారి గౌహతి చేరాం. "వానల ఊరికండీ? గొడుగులున్నాయా?" అంది రైల్లో బరంపురం ఆవిడ. రెండు చూపించాను. వాటిని తిరిగొచ్చేదాకా విప్పితే ఒట్టు!

షిల్లాంగు బస్సులో నిమ్మకాయ దగ్గరుంచుకోండి, మలుపులు కడుపులో తిప్పుతాయి. రాత్రి అక్కడ లాడ్జీలో పడుకుని, పొద్దున్నే ఇంకో బస్సెక్కితే పదకొండింటికి చిరపుంజి. చెట్టూ చేమా తక్కువ, ఎటు చూసినా బోడి రాయే.

మర్నాడు తెల్లారగానే అలవాటు కొద్దీ వసారాలో ఉన్న రెండు బిందెలూ ఎత్తి వాకిలంతా చల్లేశాను. మా వాకిట్లో అయితే పొద్దెక్కేదాకా తడుంటుంది. ఇక్కడ చూస్తుండగానే రాతి సందుల్లోకి జారిపోయింది.

సుగుణ బయటికొచ్చి నెత్తిన చెయ్యి పెట్టుకుంది. "అక్కా! రెండూనా?"

"దేశంలో వానంతా ఇక్కడే కురుస్తుందన్నారుగా!"

"కురిసేది ఆషాఢంలో. ఇప్పుడు తాగడానికీ అవే."

మరిది నవ్వు బిగపట్టి చెప్పాడు: "సున్నపురాయి నీటిని నిలవనివ్వదు వదినగారూ. పడ్డ వాన బొరియల్లో దూరి, కొండ కడుపులో గుహలు తొలుచుకుంటూ పోయి, అటు కింద బంగ్లాదేశ్ సరిహద్దు దగ్గర ఏరై తేలుతుంది. వాన మాది, నీళ్ళు వాళ్ళవి."

పారబోసింది నేను కాబట్టి బిందె చంకనెత్తుకుని పొరుగింటి ఖాసీ ఆవిడ వెంట ఊటకి దిగాను. ఆవిడ నీళ్ళ డబ్బాని వీపుబుట్టలో పెట్టి, బుట్ట పట్టీ నుదుటికి తగిలించుకుని చకచకా ఎక్కేసింది. నేను మెట్టు మెట్టుకీ కూలబడ్డాను. సగం దారిలో సుగుణ ఎదురొచ్చి పక్కన కూచుంది.

కొండ అక్కడ కత్తితో కోసినట్టు తెగిపోయింది. కింద బంగ్లాదేశ్. చదునుగా పొలాలు, మధ్య మధ్య నీళ్ళ మెరుపులు. అచ్చం మా ఊరు పామర్రే!

"బెంగ పుట్టినప్పుడల్లా ఇక్కడికొస్తానక్కా" అంది.

"ఈ మెట్లు ఇప్పుడూ దిగుతున్నావా?"

"మొన్నటిదాకా నీళ్ళు నేనే తెచ్చా. ఇప్పుడాయన తెస్తున్నారు."

పైకెళ్ళగానే బిందె మరిది ముందు దించాను. "పురుడంటే ఎన్ని నీళ్ళు కావాలో తెలుసా అబ్బాయ్? తల్లికి స్నానం, బిడ్డకి స్నానం, గుడ్డలు... ఎన్నిసార్లు దిగుతావు?"

అతను ఆరిపోయిన వాకిలికేసి చూశాడు. "మెల్లగా తీసుకెళ్ళండి వదినగారూ. ఎండలు ముదిరేలోగా నేనూ వస్తా."

వెళ్ళగలిగినవాళ్ళు వెళ్ళి ఆ కొండ అంచున కాసేపు కూచోండి, మరిచిపోరు. వాకిలి మాత్రం కడక్కండి.

తిరుగుప్రయాణంలో కింది బెర్తు సుగుణకిచ్చాం. బెజవాడలో దిగి పామర్రు బస్సెక్కితే దారి పొడుగునా కాలవలు నిండుగా ఉన్నాయి. ఊళ్ళో దిగగానే అది సామాను నాకొదిలేసి, రేవు మెట్లు దిగి కాలవలో కాళ్ళు పెట్టింది. ఎదురొచ్చిన అమ్మ గట్టు మీంచి "జారతావే!" అని కేకేసింది.

"ఇవీ ఒక మెట్లేనా అమ్మా!" అంది సుగుణ.