నాతోపాటు ఊళ్ళు తిరిగిన నీడ

ముప్పై ఏళ్ళు కరీంనగర్‌లో ఇంటర్ పిల్లలకు పౌరశాస్త్రం చెప్పి రిటైరయ్యాక, ఉపాధి హామీ పనుల మీద వచ్చే ఫిర్యాదులు వినడానికి నన్ను పక్క జిల్లాకు అంబుడ్స్‌మన్‌గా వేశారు. "జడ్జి లెక్కనా?" అని మా ఆవిడ అడిగితే అవునన్నాను. అది అబద్ధమని నాకు ఆర్నెల్లకు గాని తెలియలేదు.

నేను ఫిర్యాదు తీసుకోవచ్చు. ఇరుపక్షాలనూ పిలిచి వినవచ్చు. తప్పెవరిదో తేల్చి ఉత్తర్వు రాయవచ్చు. దాన్ని అమలు చేయవలసింది మాత్రం, నేను ఎవరి తప్పు పట్టానో ఆ ఆఫీసే. ఎవరినీ సస్పెండ్ చేయలేను, కనీసం ఆ ఆఫీసు అటెండరు చేత టీ తెప్పించుకోలేను. తరగతిలో అధికారాల విభజన గురించి గంటలకొద్దీ దంచిన సంగతి గుర్తొస్తే సిగ్గేసేది.

మే నెల మొదట్లో చెన్నూరు అవతల ఓ ఊరి నుంచి ఒక బాలింత ఫిర్యాదు రాయించి పంపింది. విచారణకు పాపను చంకనేసుకుని వచ్చింది. గుట్ట కింద కందకాలు తవ్వే పని. నీడ లేదు. ఐదు నెలల పాపను తుమ్మచెట్టు కింద చీర పరిచి పడుకోబెడుతోంది. పోయిన వారం పాపకు వడదెబ్బ తగిలి రెండు రోజులు ఆస్పత్రిలో ఉంచారు. ఇంట్లో చూసేవాళ్ళు లేరు, పని మానితే పొయ్యి వెలగదు. పిల్లల్ని చూసేందుకు ఒక మనిషిని పెట్టమంటే, ఐదుగురు పిల్లలుంటేనే రూలు ఒప్పుకుంటుందన్నారట. అక్కడున్నది నలుగురే.

"ఇంకొకర్ని కనమంటరా సారూ?" అని నన్నే అడిగింది.

పని జరిగే చోట నీడ ఉండి తీరాలని మూడు పేజీల ఉత్తర్వు రాశాను. మండల అధికారి దాన్ని రెండు చేతులా అందుకుని, కళ్ళకద్దుకున్నంత పని చేసి, ఫైల్లో పెట్టాడు. వారం తర్వాత చూడడానికి వస్తున్నానని ఫోన్ చేసి మరీ పోయాను. నాలుగు కట్టెల మీద గ్రీన్ నెట్, కింద చాప, చాప మీద పాప హాయిగా నిద్రపోతోంది. నా ఛాతీ రెండంగుళాలు పొంగింది. నెట్‌కు ఓ మూల చిరుగుంటే ఎర్ర లంగా గుడ్డతో అతుకు వేశారు.

రెండు రోజులకు అలాగే ఫోన్ చేసి మరో ఊరు పోతే అక్కడా గ్రీన్ నెట్ ఉంది. మూలన ఎర్ర అతుకు. మూడో ఊళ్ళోనూ అదే ఎర్ర అతుకు నన్ను చూసి నవ్వింది. మండలం మొత్తానికి ఉన్నది ఒక్క నెట్టే. నాకంటే అరగంట ముందు ట్రాలీ ఆటోలో బయల్దేరుతోంది. నేను బస్సుల్లో నిలబడి తిరుగుతుంటే నెట్‌కు మాత్రం బండి పెట్టారు.

ఒళ్ళు మండి, చెప్పకుండా మొదటి ఊరికి పోయాను. కట్టెలు పాతిన నాలుగు గుంతలు మిగిలాయి. పాప మళ్ళీ తుమ్మ కిందే ఉంది, ముఖం కందిపోయి. నాకు నిజంగా ఏడుపొచ్చింది. ఆమె పార పక్కన పెట్టి వచ్చింది.

"మీరిట్ల బస్సెక్కిండ్రు, వాళ్ళట్ల విప్పుకపోయిండ్రు సారూ."

"మళ్ళా గట్టిగా రాస్తా బిడ్డా."

"కాయితం కింద పిల్ల పండుకుంటదా? మీరొస్తనే నీడొస్తుంది. రోజూ రారాదుండ్రి!"

తిరుగు బస్సులో రూల్స్ పుస్తకం తిరగేశాను. వస్తానని చెప్పి రాకపోవడం నేరమని ఎక్కడా రాసి లేదు. మర్నాడు పొద్దున్నే ఇంట్లో లుంగీతోనే కూర్చుని మండల ఆఫీసుకు ఫోన్ కొట్టాను.

"ఇవాళ ఆ గుట్ట పనికి వస్తున్నా."

సాయంత్రం మళ్ళీ చేసి, బస్సు దొరకలేదు, రేపొస్తానన్నాను. ఆ రేపూ అంతే. ఒకరోజు మోకాలి నొప్పి, ఒకరోజు చుట్టం చావు. పది రోజులు నెట్ అక్కడినుంచి కదల్లేదు. మిగతా ఊళ్ళకు మొక్కుబడి నీడ కూడా లేకుండా చేశానని నాకు తెలుసు. ఆ తప్పు ఇప్పటికీ గుచ్చుతుంది. అధికారి మాత్రం, "సార్, ఇయ్యాలన్న వస్తున్నరా?" అని దీనంగా అడిగేవాడు.

మే చివర్లో నా పదవీకాలం ముగిసింది. ఫోన్ చేయడం మానేశాను. మూడో రోజు ఆమే ఫోన్ చేసింది.

"నెట్టు ఎత్తుకపోయిండ్రు సారూ. జర వస్తున్ననని చెప్పుండ్రి."

"నా పదవి అయిపోయింది బిడ్డా. ఇప్పుడు నాకు ఏ అధికారమూ లేదు."

"అప్పుడు మాత్రం ఏముండె సారూ? చెయ్యుండ్రి ఫోను."

చేశాను. నా పదవి పోయిందన్న కాగితం ఆ మండలానికి చేరేసరికి వానలు మొదలయ్యాయి.