టోపీ ఊడకుండా పడే మనిషి

కెనడాలో, మిస్సిసాగా ఊళ్ళో ఒక మందుల కంపెనీలో ముప్పయ్యేళ్ళు క్వాలిటీ చెక్ చేశాను. కాగితం చూపించనిదే ఏదీ నమ్మను. రిటైరైనా ఆ బుద్ధి పోలేదు. అందుకే ఉగాదికి ఎవరెవరికి శాలువా కప్పాలో తేల్చే పని మా తెలుగు సంఘంవాళ్ళు నా నెత్తిన పెట్టారు.

ఆ ఏడు లిస్టులోకి ఒక పెద్దాయన పేరొచ్చింది. శనివారాలు సీనియర్స్ క్లబ్బులో మాతో కూర్చుని టీ తాగే మనిషే. బాబాయిగారూ అని పిలిచేదాన్ని. ఒకప్పుడు మద్రాసులో తెలుగు కౌబాయ్ సినిమాల్లో వేశాడట. పేరు ఇచ్చింది ఇంకెవరో కాదు, ఆయనే. అక్కడే నాకు తేడా కొట్టింది.

ఎన్ని సినిమాలని అడిగితే ఒకసారి ఆరన్నాడు, ఇంకోసారి పదకొండన్నాడు. టైటిల్స్‌లో పేరుందా అంటే లేదన్నాడు. ఫొటో అడిగితే ఒకటి తెచ్చాడు. అందులో ఉన్నది గుర్రం వీపు, దాని వెనక ఎవరిదో బూటు. బందిపోటు వేషం కాబట్టి ముఖానికి రుమాలు కట్టేవారట. అబ్బ, ఎంత బాగా కుదిరింది! నాకు ఒళ్ళు మండింది. కోతలకైనా ఒక హద్దుండాలి.

అయినా ఆయన చెప్పిన వాటిలో మూడు సినిమాలు ఇంటర్నెట్‌లో దొరికితే కూర్చుని చూశాను, కళ్ళు లాగేదాకా, ఆపి ఆపి. దుమ్ము, గుర్రాలు, తుపాకులు, కిందపడి చచ్చే బందిపోట్లు. ఆయన ముఖం ఒక్కచోటా లేదు. పేరు కొట్టేశాను. ఆ సంగతి క్లబ్బులో అందరి ముందే చెప్పాను, మెత్తగా కూడా చెప్పలేదు.

ఆయన టీ కప్పు కింద పెట్టాడు.

"శాలువా నాకోసం కాదమ్మా. నా మనవరాలు నమ్మదు. స్టేజి మీద చూస్తే నమ్ముతుందని."

పదిహేనేళ్ళ పిల్ల. తాత సినిమా మాట ఎత్తితే చాలు, "యా, రైట్" అని ఫోన్‌లో తల దూర్చేస్తుందట. నాకు జాలి కలగలేదు. ఇది ఇంకో ఎత్తు అనుకున్నాను.

ఉగాది ఫంక్షన్‌ రోజు పార్కింగ్ లాట్‌లో ఇంకా ఐసుంది. నేను కారు డిక్కీలోంచి పులిహోర ట్రే దించుతున్నాను. ఆయన మనవరాలితో పక్క కారు దిగి నాలుగడుగులు వేశాడో లేదో, కాలు జారింది. అంత వయసు మనిషి, చేతులు గాల్లో ఆడించలేదు, అరవలేదు. ఎడమ చేత్తో ఉన్ని టోపీని తలకు అదిమిపట్టి, కుడి భుజం మీద పడి, ఒక్క దొర్లు దొర్లి, బోర్లా ఆగాడు.

ఆ పడడం నేను ఇదివరకే చూశాను. మూడు సినిమాల్లోనూ చూశాను.

పిల్ల ఏడుపు ముఖం పెట్టింది. ఇద్దరం కలిసి లేపాం. దెబ్బేమీ తగల్లేదు. పడేటప్పుడు టోపీ ఎందుకు పట్టుకున్నారని అడిగాను.

"అలవాటమ్మా. రుమాలున్నా, టోపీ ఊడితే జనం మనిషిని గుర్తుపట్టేస్తారు. మేం ఉన్నదే ఐదుగురం, సినిమాలో ఇరవైమంది చావాలి. ఇప్పుడు చచ్చినవాడే పక్క సీనులో మళ్ళీ చావాలి కదా."

మీ ముఖం కోసం వెతికి, కనబడలేదని పేరు కొట్టేశాను, క్షమించండి బాబాయిగారూ అన్నాను.

"మీకు కనబడలేదంటే నేను పని సరిగ్గా చేసినట్టేనమ్మా," అన్నాడు, కోటుకంటిన మంచు దులుపుకుంటూ.

ట్రే డిక్కీలోకే తోసేసి, ఫోన్‌లో సినిమా పెట్టి పిల్లకిచ్చాను. ఒక బందిపోటు గుర్రం మీంచి పడ్డాడు, ఎడమ చెయ్యి టోపీ మీద. పిల్ల వెనక్కి జరిపి మళ్ళీ చూసింది. కాసేపటికి కొండ మీంచి ఇంకొకడు పడ్డాడు.

"దట్స్ హిమ్ టూ," అంది మెల్లగా.

శాలువా సంగతి నేను ఎత్తబోతే ఆయన చెయ్యి అడ్డం పెట్టి ఆపాడు. ఫోన్ వైపు చూడనే లేదు. పిల్ల ముఖమే చూస్తున్నాడు.