ఆటోనగర్ మేడ మీద కదలని అంకెలు

టంకం పొగ వాసన తగిలితే చాలు, ఆ మధ్యాహ్నం ఎవరెవరున్నారో వరుసగా చెప్పగలను. ఆటోనగర్‌లో మేడ కింది వర్క్‌షాపు. సాంబశివరావు గారు, నేను, సర్వే విమానం నడిపే పైలట్ ఒకాయన. బల్ల మీద ఆయన బాగుచేయమని తెచ్చిన చేతి జీపీఎస్ సెట్టు.

సాంబశివరావు గారు వైమానిక దళంలో రేడియోలు బాగుచేసి, రిటైరై వచ్చి ఆ వర్క్‌షాపు పెట్టారు. రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో, ఇంజినీరింగ్ అవగానే నేను ఆయన దగ్గర చేరాను. కప్పు కింద సెట్లకు ఉపగ్రహాల సిగ్నల్ అందదు. ప్రతిసారీ మేడ ఎక్కడానికి బద్ధకించి, పైన యాంటెన్నా పెట్టి, దానికి అందిన సిగ్నల్‌ను బలం పెంచి గదిలోకి వదిలాను. రెండు వారాలు గర్వంగా తిరిగాను.

పైలట్ గారి సెట్టులో సిగ్నల్ నిండుగా కనిపించింది. "అయిపోయిందండి, తీసుకెళ్ళొచ్చు," అన్నాను.

"ఉండవోయ్," అన్నారు సాంబశివరావు గారు. ఏ సెట్టునైనా పట్టుకుని నడిచి చూడనిదే ఆయన ఇవ్వరు. అడుగులు పైకే లెక్కపెడుతూ టీ బడ్డీ దాకా వెళ్ళారు. నలభై. తెర మీద ఉన్న చోటు చూపే అంకెలు కదల్లేదు.

"నేను నడిచానా, లేదా?"

"నడిచారండి."

"మరిదేంటి, నేనింకా మేడ మీదే ఉన్నానంటోంది?"

మరో ఇరవై అడుగులకు సిగ్నల్ పూర్తిగా పోయింది. విప్పి చూస్తే లోపలి యాంటెన్నా తీగ సగం ఊడి ఉంది. ఆ సెట్టుకు ఉపగ్రహాలు అందడమే లేదు. మేడ మీది యాంటెన్నా నుంచి నేను గదిలోకి వదిలినదాన్నే అది నమ్ముతోంది. మర్నాడు పొద్దున్నే ఆ సెట్టు విమానం ఎక్కాలి.

"నా సిగ్నల్ అంత పైకి పోదు కదండీ," అని గొణిగాను.

"నీది పోదు. కావాలని పెద్దది పెట్టేవాడూ పుడతాడు. అసలేమీ చూపించకపోతే పైలట్ జాగ్రత్తపడతాడోయ్. నిండా చూపిస్తూ అబద్ధమాడితే? మబ్బులో దిగేవాడు దేన్ని నమ్మాలి?"

నా ముఖం చూసి అక్కడితో ఆపేశారు. పైలట్ వైపు తిరిగి, "పొరపాటు నాదండి. సాయంత్రానికి ఇస్తాం," అన్నారు. తీగ అతికించాక, ఆకాశం కింద నడిచి చూడడానికి మోకాళ్ళు పట్టుకుంటూ సెట్టును ఆయనే మేడ మీదకు తీసుకెళ్ళారు.

ఇప్పుడు విమానాల జీపీఎస్ రిసీవర్లను పరీక్షించడమే నా ఉద్యోగం. దొంగ సిగ్నల్‌తో దారి తప్పించడాన్ని స్పూఫింగ్ అంటున్నారు. లోపలి పరీక్షలన్నీ గట్టెక్కిన సెట్టునైనా ఆకాశం కింద నడిపించి చూశాకే సంతకం పెడతాను. మా ల్యాబ్ నుంచి మేడ మీదకు అరవై రెండు మెట్లు.