గట్టు దగ్గర ఆగని నీటిబొట్టు

మాది సాలూరు. కొండ ఊళ్లకు ఊట నీళ్లను పైపుల్లో తెచ్చిపెట్టే ఒక చిన్న సంస్థలో పని దొరికి అరకు వచ్చాను. మీటింగుల్లో చూపించడానికి స్లైడ్లు తయారుచేయడం నా పని.

ఆ ఏడాది వానలు తగ్గుముఖం పట్టాక, మా సార్‌తో కలిసి కాఫీతోటల పైనున్న ఒక ఊరికి వెళ్లాను. ఊట చూపించడానికి ఒక పెద్దమ్మ మా ముందు నడిచింది. రోజూ ఆ దారిన బిందెలు మోసే మనిషి. సార్ ముందుకు వెళ్లిపోయారు కానీ ఆవిడ సగం దారిలో ఆగి, మా వైపు ఆడపిల్లల్ని పిలిచినట్టే నన్ను గుంటా అని పిలిచి, కాఫీ మొక్కల్లోకి చెయ్యి చూపించింది.

"ఇక్కడ గట్టుంది గుంటా. సూత్తే తెలీదు. నీళ్లు దీన్ని ఎక్కవు. పైపుని కింద నుంచి సుట్టూ తిప్పాల. రాసుకో."

రాసుకున్నాను. నోటుబుక్కులో గీత గీసి, గట్టు దగ్గర రెండు మలుపులు కూడా పెట్టాను.

ఆఫీసుకు వచ్చి ఆ గీతనే స్లైడు మీదికి ఎక్కించాను. ఊట నుంచి ఊరిదాకా ఒక నీలం బొట్టు ప్రయాణించాలి. అది మెల్లగా కదిలి మెల్లగా ఆగేలా స్మూత్ స్టార్ట్, స్మూత్ ఎండ్ రెండూ పెట్టాను. మొదలూ చివరా బాగానే ఉన్నాయి. ఆ రెండు మలుపుల దగ్గర మాత్రం బొట్టు తడబడుతోంది. ఒక్క క్షణం ఆగి, ఎవరో తోసినట్టు ఎగిరి పడుతోంది. టైము పెంచాను, తగ్గించాను, గీతను ముక్కలు చేసి అతికించాను. రెండు రోజులు తంటాలు పడి, చివరికి మలుపులే తీసేశాను. బొట్టు వెన్నలా జారింది. నన్ను అలా చేయమని ఎవరూ చెప్పలేదు.

మీటింగుకు ఆ ఊరి నుంచి పెద్దమ్మను కూడా పిలిచారు. బొట్టు ఊళ్లోకి చేరగానే ఆవిడ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది.

"ఒచ్చీసింది! ఎంత బేగి ఒచ్చీసిందో!"

అందరూ చప్పట్లు కొట్టారు. నేను పొంగిపోయాను.

సార్ ఆ స్లైడునే ప్రింటు తీసి పైపుల మేస్త్రీ చేతిలో పెట్టారు. ఆ సంగతి నాకు పైపు వేశాకే తెలిసింది. పైపు వేసిన వారం పెద్దమ్మ సీతంపేట వైపు కూతురింటికి వెళ్లి ఉంది. మేస్త్రీ కాగితంలో ఉన్నట్టే తిన్నగా గట్టు మీదుగా వేసుకుపోయాడు. కుళాయి తిప్పితే గాలి తప్ప నీళ్లు రాలేదు.

ఊట దగ్గర ఆకులు అడ్డుపడ్డాయేమో అనుకుని శుభ్రం చేశారు. జాయింట్లు విప్పి మళ్లీ బిగించారు. ఊరి నుంచి వచ్చే ఈ కబుర్లన్నీ వింటూ నేను ఆఫీసులో కూర్చునే ఉన్నాను. నోటుబుక్కు నా సొరుగులోనే ఉంది. మూడు వారాలు నోరు విప్పలేదు. నాలుగో వారం సొరుగు తీసి, ఆ పేజీ సార్ ముందు పెట్టాను. ఆయన గట్టు దగ్గరి రెండు మలుపుల మీద వేలు పెట్టి చూశారు.

"కాఫీ కోతలు మొదలయ్యాయమ్మా. ఇప్పుడు మట్టి తవ్వడానికి మనుషులు ఎక్కడ దొరుకుతారు?" అన్నారు. ఒక్క మాటైనా తిట్టి ఉంటే బాగుండేది.

కోతలు అయ్యేదాకా ఆ ఊరి ఆడవాళ్లు, కుళాయి ముందు నుంచే బిందెలు మోసుకెళ్లారు.

పైపు మార్చే రోజు నేనూ వెళ్లాను. పెద్దమ్మ గట్టు దగ్గర నిలబడి, ఎక్కడ తవ్వాలో పనివాళ్లకు చూపిస్తోంది. పక్కకు పిలిచి, తప్పు నాదేనని చెప్పాను.

"నాను సెప్పింది రాసుకున్నావు గదా? మరేటయింది?"

"తెర మీద బొట్టు ఇక్కడ ఆగి ఆగి కదిలింది పెద్దమ్మా. చూడ్డానికి బాగోలేదని మలుపులు తీసేశాను."

ఆవిడ నా ముఖంలోకి చూసింది. కోపం ఉందేమోనని వెతికాను. అర్థం కానట్టే ఉంది.

"ఆగితే ఏటయిపోద్ది? ఈ గట్టు కాడ నాను రోజూ కూకొని, లెగిసే ఎల్తన్నాను గదా."

అంతలో పనివాళ్లు కేకేస్తే ఆవిడ వాళ్ల దగ్గరకు వెళ్లిపోయింది. మధ్యాహ్నానికి కుళాయిలో ముందు బురద, తర్వాత నీళ్లు వచ్చాయి. అందరూ నన్ను కూడా ఫోటోకి రమ్మన్నారు. ఫోన్ నేను పట్టుకుంటానని చెప్పి, ఇవతలే ఉండిపోయాను.