వరద రోజు మావయ్య చూసిన మ్యాచ్

మా చిన్నప్పుడు... అంటే మరీ పాతకాలమేం కాదండి, ఊళ్ళోకి స్మార్ట్‌ఫోన్లు వచ్చేశాక సంగతే... ధవళేశ్వరానికి దిగువన లంకలో ఉండే మా అమ్మమ్మగారింట్లో, శనివారం సాయంత్రమైతే వసారాలో ఇంగ్లండు ఫుట్‌బాల్ మోగుతూ ఉండేది.

ఊరంతా క్రికెట్ చూస్తుంటే మా సత్తిబాబు మావయ్య ఒక్కడే అది చూసేవాడు. రాజమండ్రి పాలిటెక్నిక్ హాస్టల్లో అంటుకున్న పిచ్చి. పోనీ పెద్ద టీమా అంటే కాదు... ఎక్కడో సముద్రం ఒడ్డున చిన్న ఊరిది. పసుపు చొక్కాలు. లీగులో ఎప్పుడూ అడుగునే. కింది డివిజన్‌కి పడిపోయారనుకునేసరికి ఆఖరి రోజున ఎలాగో గట్టెక్కేవాళ్ళు.

ఆ ఏడు మాత్రం చలికాలంలో, లీగు కాకుండా వేరేగా జరిగే కప్పు మ్యాచులు మొదలయ్యాక ఏం పూనిందో మరి... తమకంటే ఎంతో పెద్ద టీముల్ని ఒకదాని తర్వాత ఒకటి ఓడించుకుంటూ సెమీఫైనల్ దాకా వెళ్ళారు. గెలిచిన ప్రతిసారీ అమ్మమ్మ చేత కొబ్బరి లౌజు చేయించి వీధంతా పంచాడు మావయ్య. ఎందుకు పంచుతున్నాడో వీధిలో ఎవరికీ తెలీదు. సెమీస్‌లో ఓడిపోయారు. లీగులో మళ్ళీ మామూలే... చివరి మ్యాచ్ చివర్లో ఒక్క గోలు కొట్టి పడిపోకుండా నిలబడ్డారు.

మావయ్య కళ్ళు తుడుచుకుని నాతో, "చూశావా అమ్ములూ... మనోళ్ళు మునిగినట్టే కనపడతారు. మునగరు" అన్నాడు.

అప్పటికే మా ఇంటికీ గోదారికీ మధ్య ఒక్క వరస కొబ్బరిచెట్లే మిగిలాయి. ఏటా వరదకి ఒడ్డు కోసుకుపోయేది. అత్తయ్య పొద్దున లేస్తూనే ఆ చెట్లు లెక్కపెట్టుకునేది.

ఆ ఏడే పంద్రాగస్టు సెలవులకి నేను అక్కడే ఉన్నాను. భద్రాచలంలో నీళ్ళు పెరిగాయన్నారు... అక్కడ పెరిగితే తెల్లారేసరికో, మర్నాటికో మాకూ పెరగాల్సిందే. ఏరు ఎర్రగా తిరిగింది. చీమలు గుడ్లు నోట కరుచుకుని గోడెక్కి అటక మీదకి పోతున్నాయి. దొడ్డి కంచె మీద పాము చుట్టుకుని ఉంది, మనుషుల్ని చూసినా కదల్లేదు. ఉండుండి ఒడ్డు విరిగి నీళ్ళలో పడిన చప్పుడు... ధబ్‌మని. ఆ తర్వాత చాలాసేపు ఏమీ వినపడదు. అదే ఎక్కువ భయం.

శనివారం పొద్దున మైకులో చెప్పారు... రెండో ప్రమాద హెచ్చరిక ఇచ్చేశారు, రేవులో పడవలున్నాయి, అందరూ ఏటిగట్టు మీద బడికి వచ్చేయండి అని. వీధి ఖాళీ అవుతోంది. అత్తయ్య గేదెల్ని పక్కింటివాళ్ళ పశువులతో పాటు పెద్ద పడవలో పంపేసింది. మూటలు కట్టి వసారాలో పెట్టింది.

"ఏవండీ, మనం కూడా ఎక్కేద్దామండి."

"సాయంత్రం దాకా తిరుగుతాయే పడవలు. ఐదింటికి మ్యాచ్ ఉంది, సీజన్‌లో మొదటిది. అది చూసుకుని పోదాం. ఏటా మెట్టు దాకా వచ్చి వెనక్కి పోద్ది కదా."

"ఈసారి ఏరు చప్పుడు వేరేగా ఉందిరా సత్తీ" అంది అమ్మమ్మ.

"ప్రతేడూ అదే అంటావమ్మా నువ్వు."

కరెంటు మధ్యాహ్నమే తీసేశారు. మావయ్య ఫోన్లో పెట్టుకుని పడక్కుర్చీలో కూర్చున్నాడు. మేం ముగ్గురం మూటల పక్కన కూర్చున్నాం. సగం ఆటకి మావయ్య టీముదే ఒక గోలు ఆధిక్యం. అప్పటికి నీళ్ళు కింది మెట్టు ఎక్కాయి. అత్తయ్య ఫోన్ వైపు చూడలేదు, మెట్ల వైపే చూస్తోంది. రెండో మెట్టు తడిసింది... "ఏవండీ" అంది. "పది నిమిషాలే" అన్నాడు.

అప్పుడు చూశాం. ఇంటి ముందున్న కొబ్బరిచెట్టు పడలేదండి... నిలువునా, నిలబడి ఉన్నది ఉన్నట్టుగా, నీళ్ళలోకి జారిపోయింది. వెనకే ఇంకోటి. దొడ్లో వంటిల్లు గోడ మధ్యకి చీలింది.

మావయ్య లేచాడు. ఫోన్ జేబులో పడేసి అమ్మమ్మని రెండు చేతులతో ఎత్తుకున్నాడు. అత్తయ్య నా చెయ్యి పట్టుకుంది. మూటలు అక్కడే ఉండిపోయాయి. మోకాలి లోతు నీళ్ళలో రేవుకి వెళ్ళేసరికి ఆఖరి పడవ తాడు విప్పుతున్నారు. పడవాయన కసిరాడు, "ఇంతసేపు ఏం చేత్తన్నారండి ఇంట్లో?" మావయ్య అమ్మమ్మని పడవలో కూర్చోబెట్టాడు.

ఏరు మధ్యకి వచ్చాక పెళపెళమని మా ఇంటి పెంకులు విరిగిన చప్పుడు వినిపించింది. ఎవరం తల తిప్పలేదు. మావయ్య జేబులో మ్యాచ్ ఇంకా నడుస్తూనే ఉంది... ఎక్కడో దూరదేశంలో వేలమంది ఒక్కసారిగా అరిచారు. ఎవరు గోలు కొట్టారో తెలీదు. అత్తయ్య చెయ్యి చాచి, మావయ్య జేబులోంచి ఫోన్ తీసి, ఆపేసి, మళ్ళీ ఆ జేబులోనే పెట్టింది. అంతే. ఆ మ్యాచ్ సంగతి మీద ఆవిడ ఆరోజు గానీ, ఆ తర్వాత గానీ మావయ్యని ఏమీ అనలేదు. అంటే బాగుండేదేమో.

వరద తీశాక వెళ్ళి చూస్తే ఇల్లు లేదు సరికదా, ఇల్లుండాల్సిన నేలే లేదు. అమ్మమ్మ గాదె, రోలు, మా ఎత్తులు గీసిన గుమ్మం... అన్నీ పోయాయి. ఆ సీజన్ చివర్లో ఆ టీము కింది డివిజన్‌కి పడిపోయిందట. మావయ్యకి ఎవరో చెప్తే, "అలాగా" అన్నాడు.

ఇప్పుడు వాళ్ళు కొవ్వూరులో అద్దెకుంటున్నారు. మావయ్య టైల్స్ షాపులో చేస్తున్నాడు. మొన్న వెళ్ళినప్పుడు ఆ టీము సంగతి నేనే కదిపాను. "ఇంకా కిందే ఉన్నార్రా" అని నవ్వాడు... వంటింట్లో అత్తయ్య గిన్నెల చప్పుడు ఆగింది. ఆయన మాట మార్చేశాడు.

ఆ లంకలో ఇంకా కొన్ని ఇళ్ళున్నాయండి. మొదటి హెచ్చరిక వచ్చినప్పుడల్లా వాళ్ళలో ఎవరో ఒకరు "చూద్దాంలే" అనుకుంటూనే ఉంటారు. మా ఇల్లున్న చోట మాత్రం ఇప్పుడు లోతెక్కువని పడవలు కూడా చుట్టు తిరిగి పోతున్నాయి... మా వసారా ఏటివైపు ఉండేది. మీవాళ్ళ ఇల్లు కూడా ఏరు తీసుకుపోయి ఉంటే, దాని వసారా ఎటువైపు ఉండేదో ఒక్క మాట ఈ కథ కింద రాయండి. మర్చిపోకముందే.