టెస్ట్ బుకింగ్‌లో అమ్మ

శంషాబాద్‌లో ఒక చిన్న క్యాబ్ ఆఫీసుకు వెబ్‌సైట్ పని చేసిపెడుతుంటాను. ఈ రోజు మధ్యాహ్నం బుకింగ్ పేజీ మార్చాక, నింపిన వివరాలు సర్వర్‌కు సరిగ్గా చేరుతున్నాయా అని పరీక్షించాను. పేరు దగ్గర అమ్మ పేరు, చిరునామా దగ్గర అత్తాపూర్‌లోని మా ఇల్లు, వెళ్లే చోటు దగ్గర ఎయిర్‌పోర్టు అని రాసి సబ్మిట్ నొక్కాను. అది నిజం బుకింగులతో సంబంధం లేని టెస్ట్ సర్వర్‌కే పోయిందనుకుని ఆఫీసులోనే భోజనానికి కూర్చున్నాను.

కాసేపటికి ఆ ఆఫీసు క్యాబ్ డ్రైవర్ సలీం ఫోన్ చేశాడు.

"అన్నా, అమ్మను ఎక్కించుకున్న. ఎక్స్‌ప్రెస్‌వే మీదున్నం. ఫ్లైట్ ఎన్నింటికి?"

పేజీలో అసలు సర్వర్ అడ్రసు అలాగే వదిలేశానన్నమాట! చెయ్యి కడుక్కుని బైకు మీద ఎయిర్‌పోర్టుకు పరుగెత్తాను. పట్టుచీర కట్టుకుని, బట్టల సంచితో అమ్మ గేటు ముందు నిలబడి ఉంది.

"ఎక్కడికని అడగకుండ ఎట్ల వచ్చినవమ్మా?"

"నువ్వు బండి పంపితివి. ఇగ అడుగుడేంది? ఇంతకూ యాడికి పోతున్నం బిడ్డా?"

నిజం చెప్పడానికి నోరు రాలేదు. "యాదగిరిగుట్టకు" అనేశాను.

సలీం బండిలోనే అమ్మను తీసుకొచ్చి, ఈ పోస్టు గుట్ట మీద నుంచే పెడుతున్నాను. అమ్మ దర్శనం లైన్లో ఉంది. మీరైతే ఏం చెప్పేవారు?